తెలంగాణ వచ్చేదాకా తెరిచి ఉన్న దుకాణం

పోయిన వారం ఒక మధ్యాహ్నం భోజనం చేసి నడుం వాలుద్దామనుకుంటుండగా ఫోను మోగింది. నేను తెప్పించుకున్న పుస్తకం వచ్చిందట. తెచ్చినతను మా గల్లీ మొదట్లో నిలబడి ఇల్లు దొరకక తిరుగుతున్నాడు. "సార్, అడ్రసుల బుక్‌షాపు ఎదురుగ అని రాసిండ్రు. ఈడ బుక్‌షాపు లేదు, సెల్లుల దుకాణం ఉన్నది" అన్నాడు విసుగ్గా. అదే, అక్కడే ఉండు, వస్తున్న అన్నాను. అతను ఊరుకోలేదు. "ఈ లైన్ల సగం మంది గట్లనే రాస్తున్నరు సార్. అసలు ఏడున్నది గా బుక్‌షాపు?"

ఏడున్నదని చెప్పను? చెప్పులు వేసుకొని గల్లీ మొదటిదాకా నడిచే ఆ కాస్త దూరంలో అదే ఆలోచించాను. పదేళ్లకు పైగా అక్కడ లేని దుకాణాన్ని గుర్తు పెట్టుకొని జనం ఇంకా తమ ఇళ్లకు తొవ్వ చెప్పుకుంటున్నారంటే, ఆ దుకాణం పూర్తిగా పోయినట్టా, పోనట్టా? అది మా బావది, అంటే మా అక్క భర్తది. నా ఈడు వాళ్లు, గోదావరిఖనిలో బాయి పని చేసినవాళ్లు ఇది చదివితే ఆ ఒక్క షట్టరు గదీ, దాని ముందు నీళ్ల బకెట్టూ తప్పకుండా కళ్లముందు కదులుతాయి. తెలియని వాళ్ల కోసం మొదటినుంచి చెబుతాను.

మా వైపు బొగ్గు గనిని బాయి అంటాం. మా నాయన ఊళ్లో వ్యవసాయం గిట్టక బాయిలో దిగాడు, ఆయన వెనక నేను దిగాను. నా బడి చదువు ఏడో తరగతితో ఆగిపోయింది గానీ చదువు ఆగలేదు, ఎందుకంటే మా కాలనీలో ఒక గ్రంథాలయం ఉండేది. రేకుల కప్పు, నాలుగు చెక్క అల్మారాలు, కాలు విరిగితే ఇటుక పెట్టిన ఒక బల్ల. ఏది మంచి పుస్తకమో ఏది కాదో చెప్పేవాళ్లు లేక మొదటి అల్మారా మొదటి వరుసతో మొదలుపెట్టి వరసగా చదువుకుంటూ పోయాను. కోళ్ల పెంపకం, పౌరాణిక నాటకాలు, గుండెజబ్బులు, సముద్ర ప్రయాణాలు, అన్నీ ఒకే శ్రద్ధతో చదివాను. నాలుగో అల్మారా చివరికి చేరేసరికి నాకు ముప్ఫై దాటాయి, అప్పటికి వ్యాకరణం పేరు చెప్పలేకపోయినా మంచి వాక్యం ఎదురైతే గుర్తుపట్టగలిగే తెలివి వచ్చింది.

అక్కడ ఐదు సంపుటాల విజ్ఞాన సర్వస్వం ఒకటి ఉండేది, అంటే ఉండవలసింది. మాకు చేరినవి రెండోదీ ఐదోదీ మాత్రమే. మిగిలిన మూడు ఏమయ్యాయో గ్రంథాలయం నడిపే పెద్దమనిషికే తెలియదు. అందువల్ల నాకు ఖగోళం, గబ్బిలాలు, చదరంగం, వడగళ్లు, సూర్యగ్రహణం, హిమాలయాలు క్షుణ్ణంగా తెలుసు. అగ్నిపర్వతాల గురించీ మెదడు గురించీ అడిగితే మాత్రం తెల్లమొహం వేసేవాణ్ణి. అన్నిటికన్నా విచిత్రం, బొగ్గు ఉన్నది నాలుగో సంపుటంలో. రోజూ బొగ్గులో మునిగి తేలుతూ, బొగ్గు గురించి పెద్దలు ఏం రాశారో చదవకుండానే నా ఉద్యోగం ముప్పాతిక గడిచిపోయింది. ఆ మూడు సంపుటాల మీద నాకున్న ఆశ నవ్వుకోదగినదే కావచ్చు, కానీ ఈ కథలో దానికీ ఒక పాత్ర ఉంది.

బావ పంపు ఆపరేటరు. భూమి లోపల బండల సందుల్లోంచి నీళ్లు ఊరుతూనే ఉంటాయి, వాటిని ఎప్పటికప్పుడు పైకి తోడకపోతే పని చేసే చోటు మునిగిపోతుంది. పంపు దగ్గర ఒక్కడే మనిషి, ఎనిమిది గంటలు, మోత వింటూ మట్టం చూసుకుంటూ కూర్చోవాలి. ఆ ఒంటరితనమే బావను చదివేవాడిగా మార్చింది. అన్నం డబ్బాతోపాటు ప్లాస్టిక్ సంచిలో చుట్టిన చిన్న పుస్తకమొకటి లోపలికి దిగేది. టోపీకున్న దీపం వెలుగు పేజీ మీద గుండ్రంగా పడి, చుట్టూ లోకమంతా చీకటైపోతుంటే చదవడంలో ఉన్న రుచి ఇంట్లో బల్బు కింద రాదనేవాడు. మోకాళ్లు అరిగి, ఇక దిగలేడని కంపెనీ డాక్టర్లు తేల్చేసరికి రెండు వేల సంవత్సరం దాటింది. అలా బయటికొచ్చిన వాళ్లు చాలామంది కంపెనీ ఇచ్చిన డబ్బుతో ఆటోలు కొన్నారు, ప్లాట్లు కొన్నారు. బావ పుస్తకాల దుకాణం పెడతానన్నాడు.

అక్క వినగానే నెత్తి కొట్టుకుంది. "ఆటో కొంటె ఉరుకుతది. ప్లాటు కొంటె పెరుగుతది. పుస్తకం ఏం చేస్తదయ్యా? పండుకుంటది!" అన్నది. బావ నవ్వి, పండుకున్నదాన్ని లేపుడే నా పని అన్నాడట. ఈ సంగతి అక్కే వచ్చిన ప్రతివాళ్లకూ చెప్పేది, సగం ఫిర్యాదుగా, సగం గొప్పగా.

చౌరస్తాకు ఇవతల, మా క్వార్టర్ల ఎదురుగా ఒక షట్టరు గది దొరికింది. ఆ దుకాణం తీరు నేను ఇంకెక్కడా చూడలేదు. మామూలుగా పుస్తకాల దుకాణంలో నవలలు ఒకచోట, కవిత్వం ఒకచోట, చరిత్ర ఒకచోట సర్దుతారు కదా. బావ షిఫ్టుల వారీగా సర్దాడు. మూడు అల్మారాలకు మూడు అట్టముక్కలు కట్టి ఫస్టు షిఫ్టు, సెకండు షిఫ్టు, నైటు షిఫ్టు అని తన గుండ్రటి అక్షరాలతో రాశాడు. పొద్దున్నే దిగినవాడు మూడింటికల్లా బయట పడతాడు, వాడి ముందు సాయంత్రమంతా ఉంటుంది కనుక ఫస్టు షిఫ్టులో లావు నవలలు, చరిత్రలు ఉండేవి. మధ్యాహ్నం దిగేవాడికి పొద్దున ఇంటి పనుల మధ్య అరగంట అరగంట దొరుకుతుంది కనుక రెండో అల్మారాలో కథలు, కవితలు. రాత్రి దిగేవాడికి పగలు సరిగా నిద్ర పట్టదు, చీటికీ మాటికీ కోపమొస్తుంది, అందుకని మూడో దాంట్లో నవ్వించేవి, హత్య చేసిందెవరో చివరిదాకా చెప్పనివి పెట్టేవాడు. ఒకసారి హైదరాబాదు నుంచి చుట్టపు చూపుగా వచ్చిన ఒక లెక్చరరు, మీ దగ్గర కవిత్వం ఎక్కడుందండీ అని అడిగితే బావ తల ఎత్తకుండానే, "సెకండు షిఫ్టుల చూడుండ్రి సార్" అన్నాడు. ఆయన మొహం చూసి మేమందరం పొట్ట పట్టుకున్నాం.

మా షిఫ్టులు వారం వారం మారేవి. ఎవరికోసమైనా తీసిపెట్టిన పుస్తకాలను బావ ప్రతి ఆదివారం ఒక అల్మారా నుంచి ఇంకో అల్మారాకు మార్చేవాడు, ఎవరు ఏ వారం ఏ షిఫ్టులో ఉన్నారో అతనికి నోటికి వచ్చేది. భర్త ఎప్పుడు ఇంటికొస్తాడో తెలియక బావను అడిగి తెలుసుకున్న ఆడవాళ్లు కూడా ఉన్నారు.

ఇక బకెట్టు. మేము బాయి దగ్గర ఎంత రుద్ది స్నానం చేసినా గోళ్ల సందుల్లో, కనురెప్పల అంచుల్లో కాటుక పెట్టినట్టు బొగ్గు మిగిలిపోయేది. అందుకే షట్టరు బయట ఒక బకెట్టు నిండా నీళ్లు, సబ్బుబిళ్ల, మేకుకు ఒక తువ్వాలు ఉండేవి. ఎంతటివాడైనా చేతులు కడుక్కోకుండా గుమ్మం దాటడానికి లేదు. కొన్న పుస్తకానికి బావ పాత కేలండరు కాగితంతో అట్ట వేసి ఇచ్చేవాడు. బొమ్మ లోపలికి, తెల్ల వైపు బయటికి. ఆ నున్నటి కాగితం మీద నల్ల వేలిముద్ర పడ్డా తుడిస్తే పోయేది. జనవరి రాగానే కాలనీలో ప్రతి ఇంటినుంచీ పోయినేటి కంపెనీ కేలండరు ఆ దుకాణానికి నడిచొచ్చేది. అట్ట మీద పుస్తకం పేరు బావ తన చేత్తోనే రాసేవాడు.

ఎనిమిదేళ్లు, తొమ్మిదేళ్లు ఇలా మంచిగానే నడిచింది. తరువాత కరీంనగర్‌లో పెద్ద పుస్తకాల దుకాణం వెలిసింది. ఎన్నో ఊళ్లలో ఒకే పేరుతో, ఒకే రంగు బోర్డుతో ఉండే దుకాణాల్లో అదొకటి. అద్దాల తలుపులు, చల్లటి గాలి, నేల మీద మొహం కనిపించేంత నునుపు. మావాళ్లు సెలవు రోజు బస్సెక్కి వెళ్లి దాని పేరున్న సంచి పట్టుకొని తిరిగొచ్చేవాళ్లు. నేనూ ఒకసారి చూసి వద్దామని వెళ్లాను. పుస్తకాలు లేవని అనను, చాలానే ఉన్నాయి. కానీ అక్కడ గడిపిన రెండు గంటల్లో నన్ను ఎవరూ, ఏం చదువుతవన్నా అని అడగలేదు. తలుపు దగ్గర నిలబడ్డ కాపలా అతను నా మొహం కన్నా ముందు నా గోళ్లు చూశాడు. కడుక్కోమని చెప్పడానికి మాత్రం కాదు.

అటు తరువాత తెలంగాణ కోసం పెద్ద సమ్మె వచ్చింది. బతుకమ్మ పండుగకు ముందు మొదలై నెల దాటి సాగింది. బాయిలు మూగబోయాయి. షిఫ్టు మారే సైరను వినబడక పిల్లలు బడికి వేళ తప్పేవాళ్లు. ఎన్నడూ ఒకరి మొహం ఒకరు పగటి వెలుగులో సరిగా చూసుకోని మూడు షిఫ్టుల మనుషులూ ఒక్కసారే బయట ఉన్నారు. ధర్నా అయిపోగానే అందరూ బావ దుకాణం ముందుకే చేరేవాళ్లు. కూర్చోవడానికి లోపల చోటు లేక అరుగుల మీద, ఆగిన లారీల నీడలో కూర్చొని చదివారు. ఒకాయన చదువుతుంటే పదిమంది వినేవాళ్లు. బావ అల్మారాలకు కట్టిన అట్టముక్కలు మూడూ విప్పి పక్కన పెట్టేశాడు. "ఇప్పుడు అందరిదీ ఒకటే షిఫ్టు" అన్నాడు. ఆ రోజుల్లోనే ఒకనాడు, ఎవరో ఎప్పుడొస్తదో తెలంగాణ అని నిట్టూరిస్తే, బావ షట్టరు మీద చెయ్యి వేసి, "ఎప్పుడన్న రానియ్యి. వచ్చిన రోజు ఇది తెరిచి ఉండాలె. గంతే నా కోరిక" అన్నాడు. ఆ మాట మేమందరం విన్నాం, ఎవరూ మరిచిపోలేదు.

సమ్మె ముగిసింది, తెలంగాణ రాలేదు, సైరను మళ్లీ మోగింది. వచ్చింది మరొకటి. చౌరస్తాలో నెట్ సెంటర్లు పెరిగాయి, కంప్యూటరులో పుస్తకం బొమ్మ మీద నొక్కితే నాలుగైదు రోజుల్లో ఇంటికి వస్తుందన్నారు, అదీ తగ్గించిన ధరకు. పోటీ పరీక్షల పిల్లలు ముందు తప్పుకున్నారు. తరువాత నవలల వాళ్లు. బావ నెలకోసారి రామగుండంలో రైలెక్కి హైదరాబాదు వెళ్లి సంచులు మోసుకొచ్చేవాడు, అడిగిన పుస్తకం చేతికి రావాలంటే పది రోజులైనా ఆగాలి. ఆగే ఓపిక జనానికి తగ్గింది. అల్మారాల్లో తీసిపెట్టిన పుస్తకాలు పలచబడ్డాయి. అక్క సెల్లు రీచార్జీ పెట్టుకుందాం, జిరాక్సు మిషను పెట్టుకుందాం అని పోరింది. బావ బకెట్టులో నీళ్లు మార్చుకుంటూ వింటూ ఉండేవాడు.

ఇక్కడే నా తప్పు చెప్పుకోవాలి. ఒక రోజు నెట్ సెంటరులో మా అమ్మాయి హాల్‌టికెట్టు తీయించడానికి కూర్చొని, ఏదో ఆశకొద్దీ ఆ విజ్ఞాన సర్వస్వం పేరు చెప్పి వెతకమన్నాను. తెర మీద ఐదు సంపుటాలూ వరసగా నిలబడ్డాయి. కొత్తగా అచ్చు వేశారట. ఇరవై ఏళ్లుగా ఖాళీగా ఉన్న ఒకటో, మూడో, నాలుగో చోట్లు నా కళ్లముందు నిండిపోయాయి. ఆ మూడింటి కోసం బావ హైదరాబాదు వెళ్లిన ప్రతిసారీ ఫుట్‌పాత్ మీది పాత పుస్తకాల కుప్పల్లో మోకాళ్ల నొప్పితో కూర్చొని వెతుకుతున్నాడని నాకు తెలుసు. తెలిసే నొక్కమన్నాను. నెట్ సెంటరతను అడ్రసు అడిగితే క్వార్టరు నంబరు చెప్పాను. అన్నా, గుర్తు ఏదన్నా చెప్పు, క్వార్టర్లన్నీ ఒక్క తీరే ఉంటయి అన్నాడు. నా నోటినుంచి పుట్టినప్పటినుంచీ ఉన్న అలవాటులా వచ్చేసింది: బుక్‌షాపు ఎదురుగా.

పార్సిలు వచ్చిన రోజు నేను ఫస్టు షిఫ్టులో ఉన్నాను. మా ఆవిడ బజారుకు పోయింది, క్వార్టరుకు తాళం. తెచ్చినతను అడ్రసులో ఉన్న గుర్తు పట్టుకొని దుకాణానికి వెళ్లి నా పేరు అడిగితే, బావ "మా బామ్మర్దే, ఇటియ్యి" అని సంతకం పెట్టి తీసుకున్నాడట. మూడింటికి నేను బాయినుంచి వచ్చి, ఎప్పట్లాగే చేతులు కడుక్కొని లోపలికి అడుగు పెట్టాను. ఫస్టు షిఫ్టు అల్మారాలో, నా పేరుతో పుస్తకాలు తీసిపెట్టే చోట, ఆ పెట్టె కూర్చొని ఉంది.

అక్క గల్లా బల్ల వెనకనుంచి చూసింది. "తమ్మీ, నీ ఇంటికి తొవ్వ సుత మా దుకాణమే చూపియ్యాలెనా?" అన్నది. నవ్వుతూనే అన్నది, కానీ ఆ నవ్వు నా వీపు మీద కొరడాలా పడింది. బావ మాత్రం స్టూలు లాక్కొని కూర్చొని, "విప్పు, అట్టలేస్త" అన్నాడు. కేలండరు కాగితాలు తీశాడు, కొలత చూశాడు, కత్తిరించాడు. నాలుగో సంపుటానికి అట్ట వేసేముందు తిరగేసి బొగ్గు అన్న చోట ఆగి, మొత్తం చదివి, "మన బతుకంత పేజిన్నరల ముగిచ్చిండ్రు బామ్మర్ది" అని నవ్వాడు. మూడింటి మీదా పేరూ నంబరూ రాసి నా చేతిలో పెట్టాడు. ఆ తరువాత చొక్కా జేబులోనుంచి మడతల దగ్గర చిరిగిపోవడానికి సిద్ధంగా ఉన్న ఒక చీటీ తీసి పుస్తకాల మీద పెట్టాడు. సర్వస్వం పేరు, కింద ఒకటి, మూడు, నాలుగు. ఏడేళ్లుగా హైదరాబాదు తిరిగిన చీటీ. "ఇగ ఇది నాకు అక్కర లేదు" అన్నాడు. తిట్టినా బాగుండేది.

అంతటితో అయిపోలేదు. ఆ పార్సిళ్ల మనిషి మా క్వార్టర్ల నంబర్లతో రోజూ తల పగలగొట్టుకుంటున్నవాడు, మనుషులు ఇంట్లో ఉంటే నిద్రలో, లేకపోతే భూమి లోపల. అతనికి బావ దేవుడిలా దొరికాడు. కాలనీకి వచ్చిన పుస్తకాల పార్సిళ్లన్నీ తెచ్చి అక్కడే దించడం మొదలుపెట్టాడు. బావ వాటిని కూడా షిఫ్టుల వారీగా సర్దేవాడు. నాకు ఒళ్లు మండి, మన పొట్ట కొట్టేవాళ్ల పెట్టెలు మనమే మోసుడేంది బావా, తీసుకోనని చెప్పు అన్నాను. అతను ఇంకో పెట్టెను అల్మారాలో సర్దుతూ, "ముప్ఫై ఏండ్లు పంపు నడిపిన. నీళ్లు ఊరుడు బందయిందా? కాలే. ఊరుతయని తెలుసు, రేపు మళ్ల ఊరుతయని తెలుసు. అవుతల పనిచేసేటోళ్ల కాళ్లు తడువకుంట ఇయ్యాల్టికి తోడిన్నా లేదా, గంతే చూసుకున్న. గిది సుత గంతే" అన్నాడు.

పెట్టె కోసం వచ్చినవాళ్లు నాలాగే తల దించుకొని చేతులు కడుక్కునేవాళ్లు. బావ అట్ట వేసేవాడు, ఇది చదివినంక ఎట్లున్నదో చెప్పు అనేవాడు, ఇది నచ్చినోనికి అది సుత నచ్చుతది అని పక్క అల్మారాలోంచి ఇంకొకటి చేతిలో పెట్టేవాడు. నేనూ ఊరుకోలేదు. మా షిఫ్టులో ఒక్కొక్కడినీ పట్టుకొని, ఏ పుస్తకమైనా బావతోనే తెప్పించుకోవాలె, పది రోజులు ఆగితే కొంపలు మునగవు అని చెప్పడం మొదలుపెట్టాను. ముందుగా నెట్టుల తెప్పించుకున్నది నువ్వే కదా అని కొందరు మొహం మీదే అన్నారు. అవును, నేనే, అందుకే చెబుతున్న అన్నాను. కొంతమంది వినలేదు, కొంతమంది విన్నారు, విన్నవాళ్లు సరిపోయారు.

ఆ రోజుల్లోనే షట్టరు గది యజమాని వచ్చాడు. చిన్న చిన్న కాంట్రాక్టులు చేసే పెద్దమనిషి, బావ ఆయన్ని చిన్నాన్న వరస పెట్టి కాకా అని పిలిచేవాడు. సెల్‌ఫోన్ల దుకాణం వాళ్లు ఆ గది అడుగుతున్నారనీ, పుస్తకాలు నడవడం లేదని విన్నాననీ చెప్పి ఖాళీ చేయించాలన్నదే ఆయన ఉద్దేశం. కానీ వచ్చింది సరిగ్గా మూడింటికి. ఫస్టు షిఫ్టు బాయినుంచి తిరిగొచ్చే వేళ. బకెట్టు ముందు పదిమంది వరసలో ఉన్నారు. ఆ వరసలో సగం మంది పార్సిళ్ల కోసం వచ్చినవాళ్లని ఆయనకేం తెలుసు? ముందుకు తోసుకొని గుమ్మం ఎక్కబోతే వెనకనుంచి బొగ్గు కోసే పని చేసే ఒక కోల్‌కట్టరు, "ఓ పెద్దమనిషీ, చేతులు కడుక్కోవయ్యా!" అని గట్టిగా అరిచాడు. "నా షట్టరురా ఇది!" అన్నాడాయన. "షట్టరు నీదే. పుస్తకాలు కావు గద" అన్నాడు కోల్‌కట్టరు. అందరూ గొల్లుమన్నారు. ఆయన ఎర్రబడిన మొహంతో వరసలో నిలబడి, తన వంతు వచ్చాక సబ్బు రుద్దుకొని లోపలికొచ్చాడు.

లోపల ఏం మాట్లాడతాడో అని నేనూ వెనకే వెళ్లాను. బావకు సంగతి ముందే తెలుసు. మొహమాటం లేకుండా సమ్మెనాటి తన మాట చెప్పాడు. తెలంగాణ వచ్చిన రోజు ఈ షట్టరు తెరిచి ఉండాలె కాకా, అప్పటిదాకా ఉండనియ్యి, అటెనుక నువ్వు అడుగకముందే తాళంచెయ్యి ఇస్త అన్నాడు. యజమాని చుట్టూ చూశాడు. బయట వరస ఇంకా తరగలేదు. చివరికి ఆయనకూ నవ్వొచ్చింది. "సరె తియ్యి, తెలంగాణ వచ్చేదాకా ఉండు. అది ఎప్పుడొస్తదో, మనం సచ్చినంక వస్తదో!" అన్నాడు. పోతూ పోతూ మనవరాలికి ఒక బొమ్మల పుస్తకం తీసుకున్నాడు. అట్ట వేయించుకున్నాడు కూడా.

ఆ మాట పట్టుకొని దుకాణం నడిచింది. అందరూ తెలంగాణ ఎప్పుడొస్తుందా అని ఎదురుచూస్తున్న ఆ రోజుల్లో నా మనసు ఎంత చిత్రంగా ఉండేదో ఎవరికీ చెప్పుకోలేదు. ర్యాలీల్లో అందరికన్నా గట్టిగా అరిచినవాణ్ణి నేను. సమ్మెలో లాఠీదెబ్బ తిన్నవాణ్ణి. అయినా టీవీలో ఇంకో కమిటీ, ఇంకో వాయిదా అని విన్నప్పుడల్లా కడుపు రగిలిపోతూనే, ఆ మంట అడుగున ఎక్కడో, హమ్మయ్య, షట్టరు ఇంకొన్నాళ్లు ఉంటుంది అన్న చల్లదనం ఒకటి తగిలేది. నా మీద నాకే అసహ్యం వేసేది. ఢిల్లీలో బిల్లు పాసైన సాయంత్రం చౌరస్తా అంతా రంగులు, పటాకులు. నేనూ ఎగిరాను, ఎవరినో కౌగిలించుకున్నాను, ఆ భుజం మీదనుంచి చూస్తే ఎదురుగా దుకాణం గుమ్మంలో అక్క నిలబడి ఉంది. ఆమె కళ్లలో కూడా నాకున్న సంతోషం, దిగులు రెండూ ఉన్నాయి. మేమిద్దరం ఒకరినొకరం చూసుకొని చప్పున మొహాలు తిప్పుకున్నాం.

జూన్‌లో ఆ రోజు వచ్చింది. ఎప్పుడూ మధ్యాహ్నానికి గానీ తెరవని దుకాణాన్ని బావ తెల్లవారుతుండగానే తెరిచాడు. షట్టరుకు బంతిపూల దండ కట్టాడు. బకెట్టు తోమి కొత్త సబ్బుబిళ్ల పెట్టాడు. సమ్మెలో విప్పినట్టే షిఫ్టుల అట్టముక్కలు విప్పేశాడు. డ్యూటీకి పోయేవాళ్లు, దిగి వచ్చినవాళ్లు, సెలవులో ఉన్నవాళ్లు, అందరూ వచ్చారు. కరీంనగర్ సంచీలతో తిరిగినవాళ్లు కూడా వచ్చారు. ఆ రోజు అమ్ముడైనన్ని పుస్తకాలు ఆ దుకాణం మొత్తం కాలంలో ఏనాడూ పోలేదు. కేలండరు కాగితాలు అయిపోయి, బావ గోడకున్న ఆ ఏటి కేలండరులోనుంచి గడిచిన నెలలన్నీ చింపి అట్టలేశాడు.

యజమాని కూడా మిఠాయి డబ్బాతో వచ్చాడు, ఈసారి ఎవరూ చెప్పకుండానే చేతులు కడుక్కున్నాడు. ఇబ్బందిగా నిలబడి, "ఏదో మాటకు అన్న బిడ్డా. అయన్ని మనసుల వెట్టుకోకు. ఉండు" అన్నాడు. మా అందరి ప్రాణాలూ లేచొచ్చాయి. బావ తల అడ్డంగా ఊపాడు. "కాకా, నువ్వన్న మాట మీదనే ఇన్నొద్దులు నడిచిన. అది వస్తదని నువ్వు నమ్మకపోతివి, నేను నమ్మితి. వచ్చింది. ఇప్పుడు మాట తప్పితె నాకే శరం" అన్నాడు. నెల తిరగకముందే తాళంచెవి ఆయన చేతిలో పెట్టాడు.

నిజం చెప్పాలంటే ఆ దుకాణం ఇంకా ఎంతో కాలం నిలిచేది కాదు. బావ మోకాళ్లు రైలు మెట్లెక్కనివ్వడం లేదు, పది రోజులు ఆగేవాళ్లు ఏటేటా తగ్గుతున్నారు. కానీ అద్దాల తలుపుల దుకాణం దాన్ని మూయించలేదు, కంప్యూటరు మూయించలేదు. చెప్పిన రోజుదాకా తెరిచి ఉండి, చెప్పిన మాట ప్రకారం మూతపడింది. ఈ వాక్యం రాస్తుంటే నాకు ఇప్పటికీ ఛాతీ వెడల్పవుతుంది. మిగిలిన పుస్తకాలను నేనూ, మా షిఫ్టు వాళ్లూ తలా ఒక సంచి మోసి, నేను చదువుకున్న ఆ రేకుల గ్రంథాలయానికి చేర్చాం. నా సర్వస్వం మూడు సంపుటాలు కూడా అక్కడే ఇచ్చేశాను. ఐదూ ఇప్పుడు వరసగా ఉన్నాయి.

పోయిన వారం సెల్లుల దుకాణం ముందు నా పార్సిలు తీసుకొని, నిలబడ్డచోటే విప్పకుండా ఇంటికొచ్చాను. నేను రిటైరై ఆరేళ్లు దాటింది, గోళ్లలో బొగ్గు ఎప్పుడో పోయింది. అయినా ముందు నల్లా దగ్గరికి వెళ్లి సబ్బుతో చేతులు కడుక్కున్నాను. పోయినేటి కేలండరు కాగితంతో అట్ట వేశాను, నా అక్షరాలు బావవంత గుండ్రంగా రావు. సాయంత్రం అది పట్టుకొని అక్క ఇంటికి వెళ్లాను. వాకిట్లో ఆ పాత బకెట్టులో అక్క కరివేపాకు పెంచుతోంది. బావకు చూపు బాగా తగ్గింది, వారానికి నాలుగు రోజులు నేనే వెళ్లి చదివి వినిపిస్తాను. పుస్తకం చేతిలో పెడితే అట్ట మీద వేళ్లతో తడిమి, అంచులు సరిగా మడిచానో లేదో చూసుకొని, బరువు అంచనా వేసి, "ఏ షిఫ్టుది?" అని అడిగాడు.

ఫస్టు షిఫ్టుదే బావా అన్నాను. అయితే మొదలువెట్టు అని కుర్చీలో వెనక్కి వాలాడు. బాయిలు ఒక్కటొక్కటే మూతపడుతున్నాయి, ఓపెన్‌కాస్టుల్లో నేల పైనుంచే తవ్వుతూ యంత్రాలే బొగ్గు తీస్తున్నాయి, సైరను మోగినా దాన్ని బట్టి వేళ చూసుకునేవాళ్లు మా కాలనీలో ఎందరు మిగిలారో లెక్కలేదు. కావలసిన పుస్తకం రెండు రోజుల్లో గుమ్మంలోకి వస్తుంది. దాన్ని తెచ్చినవాడికి నేను ఎవరో తెలియదు, నేను ఎప్పుడు మేలుకొని ఉంటానో, దేనికి నవ్వుతానో తెలియదు. అతని తప్పు కాదది. ఒక మనిషి పుస్తకం ఇచ్చేముందు ఆ సంగతులన్నీ తెలుసుకొని ఉండే రోజులు మాకు దక్కాయి, అంతే. మొదటి పేజీ తిప్పి, గొంతు సవరించుకొని, మూడింటికి బాయినుంచి వచ్చినవాడిలా తీరుబడిగా చదవడం మొదలుపెట్టాను.